అట్రాసిటీ కేసులో ముందస్తు బెయిల్: సెక్షన్ 18 అడ్డు ఎప్పుడు తొలుగుతుంది?

పల్నాడు_జూనియర్ అడిగింది:

సీనియర్లకు నమస్కారం. గట్టు తగాదా మీద నమోదైన ఒక ఎఫ్‌ఐఆర్ గురించి స్పష్టత కావాలి. సెక్షన్లు ఇవి: బీఎన్‌ఎస్ (ఐపీసీ బదులు వచ్చిన భారతీయ న్యాయ సంహిత) 115(2) (కొట్టడం), 351(2) (బెదిరింపు), ఎస్సీ ఎస్టీ అత్యాచారాల నిరోధక చట్టం 3(1)(ఆర్) (నలుగురిలో కావాలని అవమానించడం), 3(1)(ఎస్) (నలుగురిలో కులం పేరుతో తిట్టడం), 3(2)(వీఏ). ఫిర్యాది ఎస్సీ. నిందితుల్లో ఏ1, ఏ2 తండ్రీకొడుకులు, ఓసీలు. ఏ3 వాళ్ల దగ్గర పనిచేసే యానాది కుర్రాడు.

ఫిర్యాదు సారాంశం: పొద్దున ఏడింటికి సర్వే రాయి పీకేస్తుంటే ఫిర్యాది వెళ్లి అడిగాడు. ఏ1 కులం పేరెత్తి తిట్టి చెంప మీద, వీపు మీద కొట్టాడు, చంపుతానన్నాడు. పక్క పొలంలో కలుపు తీస్తున్న కూలీలు చూశారు. ఏ2 గురించి ‘అతను కూడా అక్కడే ఉండి వారికి సహకరించినాడు’ అన్న ఒక్క వాక్యం ఉంది. ఏ3 రాయి మోశాడని ఉంది. ఘటన జరిగిన రెండు రోజులకు ఫిర్యాదు ఇచ్చారు. అదే రోజు సాయంత్రం ఏ1 ఇచ్చిన కౌంటర్ కేసు కూడా ఉంది.

నా ప్రశ్నలు. ఈ అట్రాసిటీ చట్టం కేసుల్లో ముందస్తు బెయిల్‌ను నిషేధించే సెక్షన్ 18 ఉండగా ముందస్తు బెయిల్ పిటిషన్ అసలు నిలబడుతుందా? ముందస్తు బెయిల్ ఇచ్చే పాత సీఆర్పీసీ 438 పోయి, దాని బదులు కొత్త కోడ్ బీఎన్‌ఎస్‌ఎస్‌లో 482 వచ్చింది కాబట్టి ఇక నిషేధం లేదని ఒకరన్నారు, అది సరైనదేనా? వేస్తే స్పెషల్ కోర్టులో వేయాలా, నేరుగా హైకోర్టులోనా?

సెషన్స్_బెంచీ:

ముందు ఆ 438, 482 వాదన పక్కన పెట్టేయండి. ఒక చట్టం రద్దయి దాని బదులు ఇంకొకటి వచ్చినప్పుడు, మిగతా చట్టాల్లో పాతదాని ప్రస్తావన ఉన్న చోటల్లా కొత్తదాన్ని చదువుకోవాలని జనరల్ క్లాజెస్ చట్టం సెక్షన్ 8 చెబుతోంది. 2024 జులై 1 నుంచి సెక్షన్ 18, 18ఏ(2) రెండింట్లోనూ 438 ఉన్న చోట 482 అనే చదవాలి. ఈ వాదనతో మొదలుపెడితే జడ్జిగారు మిగతా మీ మాట వినే ఓపిక కూడా పోగొట్టుకుంటారు.

అసలు ప్రశ్నకు వస్తే, పిటిషన్ నిలబడుతుంది, కానీ ఒకే ఒక్క ద్వారం గుండా. 2018 మార్చి 20న సుభాష్ కాశీనాథ్ మహాజన్ కేసులో సుప్రీంకోర్టు ముందస్తు విచారణ జరపాలని, అరెస్టుకు ఎస్‌ఎస్పీ అనుమతి ఉండాలని చెప్పింది. దానికి నిరసనగా ఏప్రిల్ 2న భారత్ బంద్ జరిగింది. ఆ రెండు షరతులూ అక్కర్లేదంటూ పార్లమెంటు ఆగస్టులో 18ఏ తెచ్చింది. 2019 అక్టోబర్ 1న సుప్రీంకోర్టే రివ్యూలో ఆ ఆదేశాలను వెనక్కి తీసుకుంది. 2020 ఫిబ్రవరి 10న పృథ్వీరాజ్ చౌహాన్ తీర్పులో 18ఏ చెల్లుతుందని చెబుతూ, ఫిర్యాదులో ఈ చట్టం కింద నేరం ప్రాథమికంగా కనిపించకపోతే 18, 18ఏ అడ్డురావని స్పష్టం చేసింది. మన పిటిషన్లన్నీ ఆ మాట మీదే నడుస్తున్నాయి.

‘ప్రాథమికంగా కనిపించకపోతే’ అంటే ఎఫ్‌ఐఆర్‌లోని ప్రతి మాటా నిజమే అనుకుని చదివినా నేరానికి కావలసిన అంశాలు అందులో లేకపోవడం. ఫిర్యాది అబద్ధం చెబుతున్నాడని చూపించడం కాదు. చాలా పిటిషన్లు ఇక్కడే పోతాయి. రెండు రోజుల ఆలస్యం, కౌంటర్ కేసు, పాత పార్టీ కక్షలు, ఏ1 ఆ టైముకి వేరే ఊళ్లో ఉన్నాడనడం, ఇవన్నీ సాక్ష్యం తూచాల్సిన విషయాలు. విలాస్ పాండురంగ్ పవార్ కేసులో 2012లోనే సుప్రీంకోర్టు ఈ దశలో సాక్ష్యాన్ని తూచకూడదంది. 2025 సెప్టెంబర్ 1న కిరణ్ వర్సెస్ రాజ్‌కుమార్ జీవరాజ్ జైన్ కేసులో ఇంకా గట్టిగా చెప్పింది. మహారాష్ట్రలో ఎన్నికల కక్షతో ఇంటి బయట కులం పేరుతో తిట్టి కొట్టారన్న ఫిర్యాదది. బాంబే హైకోర్టు ముందస్తు బెయిల్ ఇస్తే, బెయిల్ దశలో మినీ ట్రయల్ నడపకూడదంటూ సుప్రీంకోర్టు రద్దు చేసింది.

ఆ కొలతతో మీ ఎఫ్‌ఐఆర్ చూడండి. ముగ్గురి పరిస్థితీ ఒకటి కాదు.

ఏ1కి కష్టం. తిట్టు కులం పేరుతో ఉంది, చోటు ఆరుబయట పొలం, చూసినవాళ్లు కూలీలు. 3(1)(ఎస్)కి కావలసినవన్నీ కాగితం మీద ఉన్నాయి.

ఏ2 మీద ఉన్నది గంపగుత్త ఆరోపణ. ఏమన్నాడో, ఏం చేశాడో లేదు. ఆయనకు ప్రాథమిక నేరం లేదని గట్టిగా వాదించవచ్చు.

ఏ3కి ఈ చట్టమే వర్తించదు. సెక్షన్ 3 మొదటి మాటే ‘ఎస్సీ గానీ ఎస్టీ గానీ కాని వ్యక్తి’ అని. యానాదులు ఎస్టీ కాబట్టి ఫిర్యాది ఎస్సీ అయినా ఏ3 దాని కిందకు రాడు. తహసీల్దార్ ఇచ్చిన కుల ధ్రువీకరణ పత్రం పిటిషన్‌తో పాటే జతచేయండి, తర్వాత ఇస్తామని చెప్పొద్దు. అట్రాసిటీ చట్టం సెక్షన్లు తీసేస్తే మిగిలే 115(2), 351(2) బీఎన్‌ఎస్‌ఎస్ మొదటి షెడ్యూల్ ప్రకారం బెయిలబులే, అంటే బెయిల్ హక్కుగా వచ్చేవే.

అందుకే ముగ్గురికీ కలిపి ఒకే పిటిషన్ వేయకండి. ఏ1 మీదున్న బరువు మిగతా ఇద్దరినీ కిందికి లాగుతుంది.

పబ్లిక్‌వ్యూ:

పై సమాధానానికి ఒక చేర్పు, ఇది చాలామంది చూడరు. అందరూ ‘పబ్లిక్ వ్యూ’ (బయటి జనం చూసేలా, వినేలా జరగడం) మీదే పోరాడతారు. అది కావలసింది 3(1)(ఆర్), 3(1)(ఎస్)లకు మాత్రమే. 3(2)(వీఏ)కి అక్కర్లేదు.

3(2)(వీఏ) అంటే చట్టం చివరి షెడ్యూల్‌లో ఉన్న ఐపీసీ నేరాలను (323, 324, 341, 354, 447, 506 లాంటివి) బాధితుడు ఎస్సీ లేదా ఎస్టీ అని తెలిసి చేయడం. బీఎన్‌ఎస్ 115(2) పాత 323కి సమానం, 351 పాత 506కి. చెంప మీద కొట్టాడన్న ఆరోపణ ఉంటే చాలు, అది నాలుగు గోడల మధ్య జరిగినా ఈ క్లాజు నిలబడుతుంది.

‘తెలిసి’ అన్నదాన్ని ఎలా చూపిస్తారంటే, సెక్షన్ 8(సి) చూడండి. నిందితుడికి బాధితుడితో గానీ అతని కుటుంబంతో గానీ పరిచయం ఉంటే కులం తెలుసనే కోర్టు భావించాలి, కాదని నిందితుడే రుజువు చేసుకోవాలి. పక్కపక్క పొలాల వాళ్ల మధ్య ఇక చెప్పేదేముంది.

ఇంకో సంగతి. హితేష్ వర్మ (2020 నవంబర్ 5) తీర్పు చూపించి ‘ఇది భూతగాదా, కుల తగాదా కాదు’ అని వాదిస్తారు. ఆ తీర్పులో తిట్లు ఇంటి లోపల జరిగాయి, బయటివాళ్లెవరూ లేరు, భూమి హక్కు మీద గొడవ. అవమానించాలన్న ఉద్దేశం కులం కారణంగా ఉండాలన్నది 3(1)(ఆర్) సందర్భంలో చెప్పిన మాట. 2016 జనవరి 26 నుంచి అమల్లోకి వచ్చిన సవరణలో 3(2)(వీఏ)ని కొత్తగా చేర్చినప్పుడు వాడిన పదం ‘తెలిసి’. పాత 3(2)(వి)లో ఉన్న ‘ఆ కారణంగా’ అన్న పదం కాదు. కాబట్టి భూతగాదా వాదన ఈ క్లాజును దాటించదు. పిటిషన్ గ్రౌండ్స్ రాసేటప్పుడు ఒక్కో క్లాజుకూ విడిగా సమాధానం రాయండి. ఒక్క క్లాజు నిలబడినా సెక్షన్ 18 నిలబడినట్టే.

పబ్లిక్ వ్యూ మీద గుర్తుంచుకోవలసినవి: స్వరణ్ సింగ్ (2008) ప్రకారం ప్రైవేటు స్థలమైనా బయటి జనానికి కనిపిస్తే, వినిపిస్తే అది పబ్లిక్ వ్యూనే. ఇంటి గేటు బయట అయినా సరే. అక్కడున్నది కేవలం బంధువులు, స్నేహితులు అయితే చాలదు. కరుప్పుదయార్ (2025 జనవరి 31) కేసులో తిట్లు రెవెన్యూ ఆఫీసు గదిలో, మిగతా ఉద్యోగులు వచ్చేలోపు జరిగాయి కాబట్టి పబ్లిక్ వ్యూ కాదని కేసు కొట్టేశారు. అదే ఆన్‌లైన్‌లో పెట్టిన వీడియో అయితే చూసేవాళ్లకు అందుబాటులో ఉన్నంతసేపూ పబ్లిక్ వ్యూలోనే ఉన్నట్టని కేరళ హైకోర్టు 2022లో చెప్పింది.

వాడపక్షం:

నేను ఫిర్యాదుల వైపు పనిచేస్తాను కాబట్టి రెండో వైపు కూడా ఇక్కడ ఉండాలి.

సెక్షన్ 18 ఎందుకు ఉందో మరిచిపోకూడదు. 1985లో కారంచేడు, 1991లో చుండూరు మన కళ్ల ముందున్నవే. నిందితుడు ఊళ్లోనే ఉంటాడు, బాధితుడి కూలి అతని చేతిలోనే ఉంటుంది, సాక్షులు అతని పొలాల్లోనే పనిచేస్తారు. ముందస్తు బెయిల్‌తో నిందితుడు ఊళ్లో తిరిగితే బాధితులను భయపెట్టి దర్యాప్తునే ఆపేయగలడన్న కారణం మీదే 1995లో రామకృష్ణ బలోతియా కేసులో సుప్రీంకోర్టు సెక్షన్ 18 చెల్లుతుందని చెప్పింది. పై ఎఫ్‌ఐఆర్‌లో కలుపు తీస్తున్న కూలీలే సాక్షులు. రేపు వాళ్లకు పని ఎవరు ఇవ్వాలో ఆలోచించండి, ఆ కారణం ఇవాళ్టికీ ఎంత నిజమో తెలుస్తుంది.

ఇక పద్ధతి. ఫిర్యాదిని పార్టీగా చేర్చకుండా, నోటీసు ఇవ్వకుండా బెయిల్ తెచ్చుకుంటే అది నిలవదు. ఇదే చట్టం సెక్షన్ 15ఏ(3) ప్రకారం బెయిల్‌తో సహా ప్రతి ప్రొసీడింగ్ గురించీ బాధితుడికి సకాలంలో, సరైన నోటీసు అందాలి. తెలియజేసే బాధ్యత స్పెషల్ పీపీది (ప్రభుత్వం తరఫు లాయరు), ప్రభుత్వానిది. 15ఏ(5) ప్రకారం బెయిల్ మీద అతని మాట వినాలి. 2021 అక్టోబర్ 29న హరిరామ్ భంభీ కేసులో సుప్రీంకోర్టు ఈ రెండూ తప్పనిసరి అని చెప్పి, నోటీసు లేకుండా ఇచ్చిన బెయిల్‌ను రద్దు చేసింది. తర్వాత విన్నాం కదా అంటే ఆ లోపం పూడదని కూడా చెప్పింది.

ఫిర్యాది చేయగలిగినవి కూడా రాస్తున్నాను, ఎందుకంటే చాలామందికి కోర్టులో కూర్చుని తల ఊపడం తప్ప ఏం చేయాలో ఎవరూ చెప్పరు. నోటీసు రాగానే కౌంటర్ అఫిడవిట్ వేయవచ్చు. ఎఫ్‌ఐఆర్ తర్వాత బెదిరింపులు వచ్చి ఉంటే తేదీ, వేళ, చోటు, ఎవరన్నారో రాసి, స్టేషన్‌లో ఇచ్చిన అర్జీ రసీదు జతచేయాలి. ‘బెదిరిస్తున్నారు’ అని ఊరికే రాస్తే ఫలితం ఉండదు. పనికి పిలవకపోయినా, దుకాణంలో సరుకు ఇవ్వకపోయినా అది 3(1)(జెడ్‌సీ) కింద విడిగా నేరం, దాన్నీ ప్రస్తావించాలి. బెయిల్ ఇవ్వక తప్పని పరిస్థితి వస్తే, చార్జిషీట్ పడేదాకా నిందితుడు వాడలోకి రాకూడదన్న షరతు అడగాలి. అడగకపోతే సాధారణంగా పెట్టరు.

ఫిర్యాదు రాసేటప్పుడే జాగ్రత్త పడాలి. ‘నన్ను కులం పేరుతో దూషించినారు’ అని రైటర్ రాసే ఒక్క వాక్యం బెయిల్ దశలో చేటు చేస్తుంది. అన్న మాట అన్నట్టే రాయించాలి, నోటితో చెప్పడానికి ఎంత బాధగా ఉన్నా సరే. ఎవరు అన్నారు, ఎక్కడ నిలబడి అన్నారు, ఎవరు విన్నారు, వినేవాళ్లు ఎంత దూరంలో ఉన్నారు అన్నవి కూడా ఉండాలి. సంతకం పెట్టే ముందు చదివి వినిపించమనాలి. ఎఫ్‌ఐఆర్ కాపీ ఉచితంగా ఇవ్వడం స్టేషన్ బాధ్యత.

స్టేషన్‌లో బీఎన్‌ఎస్‌ఎస్ 173(3) చూపించి పద్నాలుగు రోజుల ప్రాథమిక విచారణ అంటే ఒప్పుకోవద్దు. 18ఏ(1)(ఏ) ప్రకారం ఎఫ్‌ఐఆర్‌కు అది అవసరం లేదు, సెక్షన్ 20 ప్రకారం ఈ చట్టానిదే పైచేయి. స్టేషన్‌లో తీసుకోకపోతే ఎస్పీకి రిజిస్టర్డ్ పోస్టు చేయాలి. ఎస్సీ ఎస్టీ కాని అధికారి కావాలని విధి విడిచిపెడితే సెక్షన్ 4 కింద ఆరు నెలల నుంచి ఏడాది దాకా శిక్ష ఉంది.

పల్నాడు_జూనియర్:

చాలా స్పష్టంగా చెప్పారు, అందరికీ కృతజ్ఞతలు. ఏ1కి ముందస్తు బెయిల్ కష్టమని అర్థమైంది. మరి ఆయనకు ఉన్న దారి ఏమిటి? కోర్టు ఏది అన్న ప్రశ్న కూడా మిగిలిపోయింది.

సెషన్స్_బెంచీ:

ఏ1కి రెండు దారులు.

మొదటిది బీఎన్‌ఎస్‌ఎస్ 35(3) నోటీసు, పాత 41ఏ. మీ ఎఫ్‌ఐఆర్‌లో అతి పెద్ద శిక్ష 3(1)(ఆర్), (ఎస్)ల కింద ఐదేళ్లు. ఏడేళ్ల లోపు నేరాల్లో అరెస్టు తప్పనిసరి కాదు, చేస్తే కారణాలు రాయాలి, లేకపోతే నోటీసిచ్చి పిలవాలి. అర్నేష్ కుమార్ (2014) చెప్పింది ఇదే. అట్రాసిటీ కేసుకు ఇది వర్తించదని కొందరు ఎస్‌డీపీవోలు (సబ్ డివిజన్ పోలీసు అధికారులు) అంటారు. 18ఏ(1)(బీ) చదివి వినిపించండి. అరెస్టుకు ఎవరి అనుమతీ అక్కర్లేదన్న ఆ క్లాజులోనే ‘అవసరమైతే’ అన్న మాట ఉంది, ఈ చట్టమూ కోడూ చెప్పిన పద్ధతి తప్ప వేరే పద్ధతి వర్తించదనీ ఉంది. 35(3) ఆ కోడ్‌లోదే, అంటే బీఎన్‌ఎస్‌ఎస్‌లోదే కదా. రెండు తెలుగు రాష్ట్రాల హైకోర్టుల్లోనూ క్వాష్ (కేసు కొట్టేయమని వేసే) పిటిషన్లలో 41ఏ పద్ధతి పాటించమన్న ఆదేశాలు వస్తుంటాయి.

నోటీసు వస్తే చెప్పిన రోజు, చెప్పిన వేళకు వెళ్లాలి. అడిగిన పత్రాలు (పాస్‌బుక్, 1బి, అడంగల్, సర్వే స్కెచ్) జిరాక్స్ ఇచ్చి రసీదు తీసుకోవాలి. వెళ్లకపోతే 35(6) కింద అరెస్టుకు దారి ఇచ్చినట్టే. 3(2)(వి) లాంటి పెద్ద సెక్షన్ తర్వాత ఆల్టర్ మెమో (సెక్షన్లు మార్చామని పోలీసులు కోర్టుకు ఇచ్చే కాగితం)తో చేరిస్తే ఈ రక్షణ పోతుందని క్లయింటుకు ముందే చెప్పండి, ఆ క్లాజుకు శిక్ష యావజ్జీవం.

రెండోది లొంగిపోయి రెగ్యులర్ బెయిల్. సెక్షన్ 18 ఆపేది ముందస్తు బెయిల్‌ను మాత్రమే. అరెస్టయ్యాక లేదా సరెండరయ్యాక బీఎన్‌ఎస్‌ఎస్ 483 కింద బెయిల్ అడగడానికి నిషేధం ఏమీ లేదు. ఊళ్లలో ‘అట్రాసిటీ పడితే బెయిలే రాదు’ అన్న మాటకు భయపడి జనం నెలల తరబడి పరారీలో ఉంటారు, అది రేపు బెయిల్‌కే అడ్డవుతుంది. ఇక్కడా 15ఏ నోటీసు ఉంది కాబట్టి సరెండరైన రోజే ఆర్డరు వస్తుందని మాట ఇవ్వకండి. అందుకే పండగ ముందో, కోర్టు సెలవుల ముందో సరెండర్ పెట్టుకోవద్దు.

రిజిస్ట్రీ_మెట్లు:

కోర్టు గురించి. మొదట జిల్లాలోని ఎస్సీ ఎస్టీ స్పెషల్ కోర్టులో 482 పిటిషన్ వేయడం క్షేమం. కొట్టేస్తే సెక్షన్ 14ఏ(2) కింద హైకోర్టులో క్రిమినల్ అప్పీలు. గడువు 90 రోజులు, కారణం చూపిస్తే 180 దాకా. 180 తర్వాత అసలు తీసుకోకూడదన్న ప్రొవైజోను అలహాబాద్ హైకోర్టు ఫుల్ బెంచ్ 2018లో కొట్టేసింది, కానీ దాని మీద ఆధారపడి కాలయాపన చేయకండి. హైకోర్టు ముందు నేరుగా 482 పిటిషన్ వేస్తే నంబరు దశలోనే ‘మెయింటెయినబిలిటీ’ అని రాసి రిటర్న్ చేయవచ్చు. ఆ తిరగడంలో పోయే రోజుల్లోనే అరెస్టు జరుగుతుంది.

కట్టలో ఉండాల్సినవి: ఎఫ్‌ఐఆర్‌తో పాటు దానికి జతచేసిన అసలు ఫిర్యాదు (చాలామంది ఇది మరిచిపోతారు, ప్రాథమిక నేరం చూసేది అందులోనే), కౌంటర్ కేసు ఎఫ్‌ఐఆర్, ఏ3కి కుల పత్రం, వయసు, ఆరోగ్యం లాంటి కారణాలుంటే వాటి రికార్డు, ఇదే విషయంలో వేరే కోర్టులో పిటిషన్ పెండింగు లేదన్న డిక్లరేషన్. రెస్పాండెంట్లుగా ఆర్1 రాష్ట్రం, ఆర్2 ఫిర్యాది.

పల్నాడు_జూనియర్:

చివరి సందేహం. ఆర్2కి నోటీసు వెళ్లి ‘డోర్ లాక్డ్’ అని తిరిగొస్తే? అప్పటిదాకా మధ్యంతర రక్షణ అడగవచ్చా?

వాడపక్షం:

కూలికి వెళ్లే ఇంటికి పగలు పదకొండింటికి పోస్ట్‌మ్యాన్ వెళ్తే తలుపు తాళమే ఉంటుంది. దాన్ని సర్వీసుగా లెక్కకట్టమని అడగవద్దు, రేపు హరిరామ్ భంభీ చూపించి ఆర్డరును రద్దు చేయిస్తాం. పొద్దున ఆరింటికో, రాత్రి ఏడు తర్వాతో స్టేషన్ ద్వారా పర్సనల్ సర్వీసు చేయించమని, సంతకం తీసుకున్న ఎక్‌నాలెడ్జ్‌మెంట్ స్పెషల్ పీపీ ద్వారా ఫైలు చేయించమని మెమో వేయండి. ఫిర్యాది ఫోన్ నంబరు ఎఫ్‌ఐఆర్‌లో ఉంటుంది, దానికి విచారణ తేదీ చెప్పే బాధ్యత పీపీది. మీ క్లయింటు మనుషులు మాత్రం నోటీసు పట్టుకుని ఆ ఇంటికి వెళ్లకూడదు. సర్వీసు కోసమే వెళ్లామన్నా అది బెదిరింపుగానే రికార్డవుతుంది.

సెషన్స్_బెంచీ:

మధ్యంతర రక్షణకూ అదే గీటురాయి. ఫిర్యాదు చదివితే నేరం కనిపించదని కోర్టు ముందు తృప్తి పడాలి. ఏ2, ఏ3లకు అడగండి, ఏ1కి అడగకండి. ఏ1కి ఆ మధ్యకాలంలో 35(3) నోటీసు ఇచ్చారా లేదా అని పీపీని ఇన్‌స్ట్రక్షన్స్ తీసుకోమనండి, ఇస్తామని పీపీ చెబితే దాన్ని డాకెట్‌లో (కోర్టు ఆ రోజు రాసే నమోదులో) రికార్డు చేయించండి.